ఒక్కడే వెళ్ళినవాడు, తాడు పట్టుకొని వెళ్ళిన పిల్ల

ఈసారి ఒక చరిత్ర సంగతి రాస్తున్నాను. కొంచెం పొడవుగా ఉంటుంది, ఓపికతో చదవండి.

మన సిరికొండ మండలం పాకాల గ్రామం పిల్ల మాలావత్ పూర్ణ 2014 మే 25న ఎవరెస్టు ఎక్కిందని మీకందరికీ తెలుసు. అప్పటికి ఆమె వయసు 13 ఏళ్ల 11 నెలలు. అంత చిన్న వయసులో ఆ శిఖరం ఎక్కిన ఆడపిల్ల అంతకు ముందు లేదు. స్కూలు గోడల మీద ఆమె బొమ్మ చూశాం, హిందీలో సినిమా కూడా వచ్చింది. కానీ ఆమె ఏ వైపు నుంచి ఎక్కిందని మనలో ఎవరూ పెద్దగా అడగలేదు. ఎవరెస్టుకు రెండు ముఖ్యమైన దారులున్నాయి. దక్షిణం వైపు దారి నేపాల్‌ది. ఉత్తరం వైపు దారి టిబెట్‌ది. 16 ఏళ్లు నిండనివాళ్ళను నేపాల్ ఎక్కనియ్యదు. అందుకే మన పిల్ల ఉత్తరం వైపు నుంచి పోయింది.

ఆ ఉత్తరం వైపు ఎట్లాంటి చోటో ముందు చెప్పాలి. రోంగ్‌బుక్ అనే లోయ ఉంది. అక్కడ ఒక బౌద్ధ మఠం. అక్కడి నుంచి పైకి చెట్టు లేదు, గడ్డి లేదు. రాళ్ళు, మంచునది, గాలి, అంతే. కింది శిబిరమే సుమారు 5,200 మీటర్ల ఎత్తు. మన నిజామాబాద్ పట్టణం 400 మీటర్లు కూడా ఉండదు. 8,000 మీటర్లు దాటిన తర్వాత మనిషి శరీరం కోలుకోవడం ఆగిపోతుంది. నిద్రపోయినా బలం రాదు, తిన్నది ఒంటికి పట్టదు. కొండలెక్కేవాళ్ళు దాన్ని మృత్యుమండలం అంటారు. శిఖరం మీద ఒక్కో ఊపిరికి అందే ఆక్సిజన్ సముద్ర మట్టం దగ్గర అందేదాంట్లో మూడో వంతు మాత్రమే.

పూర్ణకు సరిగ్గా 80 ఏళ్ల ముందు, అదే లోయలోకి, అదే ఏప్రిల్, మే నెలల్లో ఒక మనిషి ఒంటరిగా వచ్చాడు. పేరు మారిస్ విల్సన్. అతని గురించి మన సంఘాల్లో చెప్పగా నేను వినలేదు. కానీ మన ఉపవాస కూడికలకు వచ్చే ప్రతివాళ్ళూ అతని కథ తెలుసుకోవాలని నా కోరిక. ఎందుకంటే అతను ఎవరెస్టు ఎక్కడానికి పెట్టుకున్న సాధనాలు రెండే: ఉపవాసం, ప్రార్థన.

విల్సన్ 1898లో ఇంగ్లాండులో బ్రాడ్‌ఫర్డ్ అనే ఊళ్ళో పుట్టాడు. అది ఉన్ని మిల్లుల ఊరు, వాళ్ళ కుటుంబానిదీ అదే పని. మొదటి ప్రపంచ యుద్ధంలో సైనికుడిగా పోయాడు. 1918లో ధైర్యసాహసాలకు మిలిటరీ క్రాస్ పతకం తెచ్చుకున్నాడు. ఆ తర్వాత కొద్ది నెలలకే మెషిన్‌గన్ గుండ్లు తగిలాయి, ఎడమ చెయ్యి మళ్ళీ పూర్తిగా బాగుకాలేదు. యుద్ధం అయిపోయాక మనసు ఎక్కడా నిలవలేదు. న్యూజిలాండ్ దాకా పోయి ఆడవాళ్ళ బట్టల దుకాణం కూడా నడిపాడు. 1932లో ఒళ్ళు బాగా చెడిపోయింది. అప్పుడు ఎవరో ఒక వ్యక్తి కలిసి, 35 రోజులు ఉపవాసముండి ప్రార్థిస్తే రోగం పోతుందని చెప్పాడట. విల్సన్ అట్లాగే చేశాడు, బాగుపడ్డాడు. ఇక ఈ సంగతి లోకానికంతా చాటాలనుకున్నాడు. ఎట్లా చాటాలి? ఎవరూ ఎక్కని ఎవరెస్టును ఉపవాసంతో, ప్రార్థనతో ఒక్కడినే ఎక్కి చూపిస్తే లోకం నమ్మక తప్పదు అనుకున్నాడు.

ఇక్కడి దాకా అతన్ని తప్పుపట్టడానికి నాకు నోరు రాదు. బాగుపడిన మనిషి సాక్ష్యం చెప్పాలనుకోవడం సహజమే. ఆ తర్వాత చేసింది చూడండి.

ఒక చిన్న జిప్సీ మాత్ విమానం కొన్నాడు. అప్పటికి అతనికి విమానం నడపడం రాదు. నేర్చుకున్నాడు. కొండెక్కడం అంతకన్నా రాదు. ఐదు వారాలు ఇంగ్లాండు, వేల్స్‌లలోని చిన్న గుట్టలు ఎక్కి, అదే సాధన అనుకున్నాడు. మంచు మీద నడవడం మాత్రం నేర్చుకోలేదు. ప్రభుత్వం పోవద్దని తంతి పంపితే చించి పారేశాడు. 1933 మేలో లండన్ నుంచి బయలుదేరాడు. కైరో, బాగ్దాద్ మీదుగా బహ్రెయిన్ చేరాడు. అవును, మన జిల్లావాళ్ళు చాలామంది ఈరోజు పనిచేస్తున్న అదే బహ్రెయిన్. అక్కడి అధికారులు ముందుకు పోనియ్యలేదు. వెనక్కి పోతానని చెప్పి గాల్లోకి లేచి, సముద్రం మీదుగా నేరుగా గ్వాదర్ చేరాడు. ట్యాంకులో పెట్రోలు అంతదూరానికి సరిపోతుందో లేదో అన్నట్టుగా ఉండింది. సుమారు రెండు వారాల్లో హిందూదేశం చేరిపోయాడు. నిన్న మొన్న విమానం నేర్చుకున్నవాడికి ఇది చిన్న సంగతి కాదు. మొండితనమైతే కావచ్చు గానీ పిరికితనం అతని రక్తంలోనే లేదు.

నేపాల్ మీదుగా ఎగరడానికి అనుమతి దొరకలేదు. విమానం అమ్మేసి డార్జిలింగ్‌లో చలికాలం గడిపాడు. అక్కడ తేవాంగ్, రింజింగ్, త్సేరింగ్ అనే ముగ్గురు కూలీలను కుదుర్చుకున్నాడు. అంతకు ముందు ఏడాది బ్రిటిష్ బృందం బరువులు మోసిన అనుభవం వాళ్ళకుంది. 1934 మార్చి 21న బౌద్ధ సన్యాసి వేషం వేసుకొని, పోలీసులకు కనపడకుండా రాత్రిపూట నడిచి, టిబెట్‌లోకి పోయాడు. ఏప్రిల్ 14కు రోంగ్‌బుక్ మఠం చేరాడు.

అక్కడి నుంచి ఒక్కడే బయలుదేరాడు. ఏప్రిల్ 21 అతని పుట్టినరోజు, 36 నిండుతాయి. ఆ రోజుకు శిఖరం మీద ఉండాలని లెక్క వేసుకున్నాడు. మంచునది మీద దారి తెలియక తిరిగిందే తిరిగాడు. పాత బృందం వదిలిపోయిన సామానులో బూట్ల కింద కట్టుకొనే ఇనుప ముళ్ళు, క్రాంపాన్లు అంటారు, దొరికాయి. గట్టి మంచు మీద నిలబడాలంటే అవే ప్రాణం. వాటి విలువ తెలియక పక్కన పారేశాడు. ఆ మాట చదివినప్పుడు నేను పుస్తకం మూసి కొంచెంసేపు ఊరకే కూర్చున్నాను. సహాయం కోసం ప్రార్థిస్తున్న మనిషి కాళ్ళ దగ్గరికే సహాయం వచ్చింది. అది ప్రార్థనకు జవాబని అతనికి తోచలేదు.

మంచు తుఫాను పట్టుకుంది. తొమ్మిది రోజుల తర్వాత, కాలు బెణికి, కళ్ళు మండుతూ, చావు తప్పి మఠానికి తిరిగి వచ్చాడు. ఇక్కడ ఆగాలి కదా? ఆగలేదు. కొంచెం కోలుకొని మే 12న తేవాంగ్, రింజింగ్‌లను వెంటపెట్టుకొని మళ్ళీ పోయాడు. దారి తెలిసినవాళ్ళు తోడుంటే మూడే రోజుల్లో మూడో శిబిరం చేరాడు. నార్త్ కోల్ అనే కనుమ కింద ఉంటుంది ఆ చోటు. మొదటిసారి ఒక్కడే తొమ్మిది రోజులు తిరిగినా అక్కడిదాకా పోలేకపోయాడని గుర్తుంచుకోండి. అక్కడి నుంచి పైకి మంచు గోడ. ముందు బృందాలు చెక్కిన మెట్లు, కట్టిన తాళ్ళు అట్లాగే ఉంటాయనుకున్నాడు. ఏడాదిలో మంచు వాటి ఆనవాలు లేకుండా చేసింది. నాలుగు రోజులు పోరాడి దిగి వచ్చాడు. తోడు వచ్చినవాళ్ళు ఇక వద్దు, వెనక్కి పోదాం అని బతిమాలారు. మే 29న విల్సన్ వాళ్ళను శిబిరంలోనే ఉంచి ఒంటరిగా పైకి పోయాడు. మే 31న డైరీలో ఈరోజు చాలా బాగుంది, మళ్ళీ బయలుదేరుతున్నానని ఒక చిన్న ముక్క రాశాడు. అదే చివరిది.

1935 జూలైలో ఎరిక్ షిప్టన్ బృందానికి కనుమ కింద అతని దేహం, డైరీ దొరికాయి. దేహాన్ని మంచు పగులులో పూడ్చారు.

విల్సన్‌కు విశ్వాసం తక్కువైందా? నాకైతే ఎక్కువగానే కనబడుతుంది. మరి ఎక్కడ చెడింది? దేవాలయ శిఖరం మీద సాతాను మన ప్రభువుకు పెట్టిన శోధన గుర్తు చేసుకోండి. దూకు, దూతలు పట్టుకుంటారు అనే శోధన అది. దూతలు పట్టుకోరని కాదు ప్రభువు దూకనిది. దేవుడు నన్ను పట్టుకుంటాడో లేదో చూపిస్తాను రండి అనడం విశ్వాసం పేరుతో దేవునికి పరీక్ష పెట్టడమే. విల్సన్ మంచి మనసుతోనే ఆ పరీక్ష పెట్టాడు. మంచి మనసుతోనే చనిపోయాడు.

మన సంగతికి వస్తాను. చెరుకు పండే బోధన్ ప్రాంతంలో షుగర్ జబ్బు లేని ఇల్లు వెతకడం కష్టంగా ఉంది. ఇరవై ఒక్క రోజుల ఉపవాస కూడికలు మొదలు కాగానే షుగర్ గోళీలు, బీపీ గోళీలు డబ్బాలో అట్లాగే మిగిలిపోవడం నేను చూస్తున్నాను. అడిగితే ప్రార్థనలో ఉన్నాను పాస్టర్‌గారూ, గోళీ వేసుకుంటే విశ్వాసం లేనట్టు కదా అంటారు. అమ్మా, ఆ గోళీ నీ కాళ్ళ దగ్గర దొరికిన ఇనుప ముల్లు. పారెయ్యొద్దు. షుగర్ ఉన్నవాళ్ళు డాక్టరును అడగకుండా మా కూడికల్లో ఉపవాసం పట్టకూడదు. ఈ మాట నేను బల్ల దగ్గర నిలబడి కూడా చెప్తాను.

పరిశుద్ధ గ్రంథంలో అరణ్యంలోకి ఒంటరిగా పోయిన మనిషి ఏలీయా. యెజెబెలుకు భయపడి పారిపోయాడని, బదరీవృక్షం కింద కూర్చొని చావు కోరుకున్నాడని మనం చాలాసార్లు చెప్పుకున్నాం. ఆ అధ్యాయంలో ఒక చిన్న సంగతి దాటిపోతాం. అతనితో ఒక పనివాడు ఉండినాడు. అతన్ని బెయేర్షెబాలో విడిచిపెట్టి ఒక దినపు ప్రయాణమంత దూరం అరణ్యంలోకి ఏలీయా ఒక్కడే పోయాడు. అంటే ఆ ఒంటరితనం సగం అతను తెచ్చిపెట్టుకున్నదే. దేవుడు అప్పుడు ప్రసంగం చేయలేదు. దూత వచ్చి లేపాడు. నిప్పుల మీద కాల్చిన రొట్టె, నీళ్ళు ఉన్నాయి. తిన్నాడు, పడుకున్నాడు. మళ్ళీ లేపి మళ్ళీ తినిపించాడు. హోరేబు కొండ మీద తానొక్కడే మిగిలానని ఏలీయా రెండుసార్లు మొరపెట్టుకుంటే, ఇంకా ఏడువేలమంది ఉన్నారని దేవుడు తెలియజేశాడు. ఎలీషా ఎక్కడ దొరుకుతాడో ఊరి పేరుతో సహా చెప్పాడు. కొండ దిగిన ఏలీయాకు మొదట దొరికింది ఒక తోడు.

ఎవరెస్టును నిజంగా ఒంటరిగా ఎక్కినవాడు లేడా అని మీరు అడగవచ్చు. ఉన్నాడు. ఇటలీ దేశస్థుడు రైన్‌హోల్డ్ మెస్నర్, 1980 ఆగస్టు 20న, అదే ఉత్తరం వైపు నుంచి, ఆక్సిజన్ సిలిండర్ లేకుండా ఒక్కడే ఎక్కి దిగాడు. కానీ ఆయన చిన్నప్పటి నుంచీ కొండల మీద పెరిగినవాడు. పదేళ్ల ముందు నంగా పర్బత్ మీద సొంత తమ్ముడిని పోగొట్టుకున్నవాడు, కాలి వేళ్ళు కూడా అక్కడే పోయాయి. 1978లో ఒకసారి ఎవరెస్టు ఎక్కి వచ్చినవాడు. అంతటివాడు కూడా బయలుదేరిన మొదటి రాత్రే చీకట్లో మంచు పగులులో పడిపోయాడు, ఎట్లాగో బయటపడ్డాడు. కింద శిబిరంలో ఆయన కోసం ఒక మనిషి ఎదురుచూస్తూనే ఉంది.

విల్సన్ దేహం దొరికిన ఆ 1935 బృందంలో బరువులు మోయడానికి కొత్తగా చేరిన ఒక కుర్రవాడు ఉన్నాడు. పేరు టెన్జింగ్ నోర్గే. డార్జిలింగ్‌లో కుదిరాడు, అదే అతనికి మొదటి ఎవరెస్టు ప్రయాణం. తర్వాత 18 ఏళ్లు ఆ కొండ చుట్టూ తిరిగాడు, ఎన్నోసార్లు ఎక్కలేక దిగివచ్చాడు. చివరికి 1953 మే 29న హిల్లరీతో కలిసి శిఖరం మీద నిలబడ్డాడు. విల్సన్ తోడువాళ్ళను వదిలి ఒంటరిగా పైకి పోయింది కూడా మే 29నే. ఇందులో ఏదో అర్థముందని నేననను, తారీఖు కలిసింది కాబట్టి చెప్పాను. మరుసటి ఏడాది, 1954లో, డార్జిలింగ్‌లో హిమాలయన్ మౌంటెనీరింగ్ ఇన్‌స్టిట్యూట్ పెట్టారు. అక్కడ శిక్షణకు మొదటి డైరెక్టర్ టెన్జింగే. బరువులు మోస్తూ నేర్చుకున్నదంతా కూర్చొని పిల్లలకు నేర్పాడు.

ఆ ఇన్‌స్టిట్యూట్‌కే మన పాకాల పిల్ల పోయింది.

పూర్ణ తల్లిదండ్రులు కూలీలు, లంబాడా కుటుంబం. తాడ్వాయి సాంఘిక సంక్షేమ గురుకులంలో చదువుకుంటోంది. అప్పట్లో గురుకులాల కార్యదర్శి ఆర్.ఎస్. ప్రవీణ్ కుమార్ పిల్లలకు కొండలెక్కడం నేర్పించాలనుకున్నారు. నేర్పించింది శేఖర్ బాబు బాచినేపల్లి. ఆయన అంతకు ముందే, 2007లో, ఎవరెస్టు ఎక్కినవాడు. వందమందికి పైగా పిల్లలను భువనగిరి గుట్ట దగ్గరకు తీసుకుపోయారు. కోట ఉన్న ఆ నున్నటి బండ హైదరాబాదు పోయే రైల్లోంచి చూసినా కళ్ళు తిరుగుతుంది. మొదటిసారి దాన్ని చూసి భయపడ్డానని పూర్ణే తర్వాత చెప్పింది. తాడు కట్టి, పట్టుకొని, ఎక్కించారు. అందులోంచి ఇరవైమందిని డార్జిలింగ్ పంపారు. వాళ్ళలోంచి కొందరిని చలికాలంలో లడఖ్ తీసుకుపోయి గడ్డకట్టే చలిలో ఉంచారు. చివరికి మిగిలింది ఇద్దరు: పూర్ణ, ఖమ్మం జిల్లా నుంచి సాధనపల్లి ఆనంద్ కుమార్.

2014 ఏప్రిల్‌లో వాళ్ళు బయలుదేరిన రోజుల్లోనే, 18వ తేదీన, నేపాల్ వైపు మంచు విరిగిపడి 16 మంది కొండ పనివాళ్ళు చనిపోయారు. ఆ వైపు ఎక్కడం దాదాపు ఆగిపోయింది. ఇక్కడ ఊళ్ళో తల్లిదండ్రుల ప్రాణం ఎట్లా కొట్టుకొని ఉంటుందో ఆడపిల్లలున్న తల్లులు మీరే ఊహించుకోండి. 52 రోజుల యాత్ర. ఉత్తరం వైపు పైశిబిరానికి పోయే దారి తూర్పు రోంగ్‌బుక్ మంచునది మీదుగానే, అంటే విల్సన్ ఒంటరిగా తిరిగి తిరిగి అలసిన మంచు మీదుగానే. అదే నార్త్ కోల్ గోడ. ఈసారి దానికి తాళ్ళు కట్టి ఉన్నాయి, పిల్లల బూట్ల కింద ముళ్ళు ఉన్నాయి, పక్కన షేర్పాలున్నారు. ఇంకా పైన, 8,600 మీటర్ల దగ్గర ఒక నిలువు బండ ఉంది. దానికి 1975లో చైనా బృందం ఒక నిచ్చెన బిగించింది, తర్వాత ఆ దారిన వచ్చినవాళ్ళు దాదాపు అందరూ ఆ చోట నిచ్చెన మీదనే ఎక్కుతారు. దారిలో అంతకు ముందు చనిపోయినవాళ్ళ దేహాలను చూశానని పూర్ణ చెప్పింది. వాటిని దాటుకొని పోయి, తెల్లవారుజామున శిఖరం చేరింది. ఆనంద్ కూడా చేరాడు. ఎనిమిది రోజుల తర్వాత, జూన్ 2న తెలంగాణ రాష్ట్రం వచ్చింది.

ఆ పిల్ల ధైర్యాన్ని నేను తక్కువ చేయడం లేదు. అంత ఎత్తున అడుగు వేయాల్సింది ఎవరి కాలుతో వాళ్ళే, ఊపిరి తీయాల్సింది ఎవరి ఛాతీతో వాళ్ళే. ఆ మేరకు ప్రతివాళ్ళూ అక్కడ ఒంటరే. కానీ తాడు కట్టినవాడు, నిచ్చెన బిగించినవాడు, సిలిండర్ మోసినవాడు, భువనగిరి బండ మీద కాలు ఎక్కడ పెట్టాలో చూపించినవాడు, వీళ్ళంతా ఆ అడుగు కింద ఉన్నారు. చాలామంది పేర్లు కూడా మనకు తెలియవు.

2022 జూన్‌లో పూర్ణ అలాస్కాలోని డెనాలి ఎక్కి ఏడు ఖండాల్లో ఎత్తైన శిఖరాలను పూర్తిచేసింది. డెనాలి మీద షేర్పాలుండరు. ఎవరి సామాను వాళ్ళే స్లెడ్జి బండి మీద పెట్టి లాక్కుపోవాలి. అక్కడ కూడా మంచు పగుళ్ళ భయానికి నలుగురైదుగురు ఒకే తాడుకు కట్టుకొని నడుస్తారు. ఒకరు పడితే మిగతావాళ్ళు మంచులో గొడ్డలి దించి ఆపుతారు.

ఇప్పుడు గల్ఫ్‌లో ఉండి ఈ వ్యాసాలు చదివే తమ్ముళ్ళకు ఒక మాట. షుగర్ ఫ్యాక్టరీ 2015 డిసెంబరులో మూతపడ్డాక బోధన్ చుట్టుపక్కల ఊళ్ళలో గల్ఫ్‌కు మనిషిని పంపని వాడ కనబడటం లేదు. క్యాంపుల్లో ఉన్నవాళ్ళకు కనీసం పక్క మంచం మనిషి ఉంటాడు. ఎడారిలో మేకలు, ఒంటెలు కాసే పనిలో పడ్డవాళ్ళకు అదీ లేదు. వాళ్ళ మంచు ఇసుక రంగులో ఉంటుంది, అంతే తేడా. దేవుడున్నాడు పాస్టర్‌గారూ, ఇంకెవరూ అవసరం లేదు, ఇంటికి కూడా ఏమీ చెప్పకండి అని మెసేజ్ పెట్టేవాళ్ళున్నారు. తమ్ముడూ, నీ విశ్వాసానికి వందనం. కానీ నీ పనివాడిని బెయేర్షెబాలో వదిలిపెట్టొద్దు. ఒంట్లో బాగాలేకపోతే చెప్పు. జీతం రాకపోతే చెప్పు. అకామా అయిపోతే మొదట చెప్పాల్సింది అదే. రియాద్, దమ్మామ్, కువైట్, మనామా, దుబాయి అన్నిచోట్లా తెలుగువాళ్ళ ప్రార్థన గుంపులున్నాయి, శుక్రవారం కూడుకుంటారు. ఫోన్ చేస్తే పలికేవాళ్ళు ఉన్నారు.

ఇక్కడున్న అక్కలు, అమ్మలు ఒక పని చేయండి. ఈ ఆదివారం ఆరాధనకు వచ్చేటప్పుడు మీ మనిషి ఏ దేశంలో, ఏ ఊరికి దగ్గర్లో ఉన్నాడో, కఫీల్ పేరు, ఫోన్ నంబర్, పాస్‌పోర్టు నకలు ఒక కవరులో పెట్టి తీసుకురండి. దగ్గర్లో ఉన్న గుంపు పెద్దకు నేనే ఫోన్ చేస్తాను. రాయడం రానివాళ్ళు ముందు వరుసలో కూర్చోండి, మన యౌవనస్థులు రాసిపెడతారు.